పెరటిలో అడవిపూలు

కర్నూలు జిల్లా పడమటి భాగమునందున్న ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంతములు వానలు కొరవడిన సీమలు. ఇచ్చట ఏడాదికి కురియు వాన సగటున 70 సెంటీమీటర్లకు లోపే. అందు పెక్కుపాలు జూన్ మొదలు అక్టోబరు వరకే పడును. చుట్టును నల్లరేగడి చేలు. నడుమ నడుమ రాతిగుట్టలు. గుట్టల పాదములందు ఎఱ్ఱనేల. ఎండకాలమున రేగడి నెఱియలు విచ్చును. త్రాగునీటికే కొఱత కలుగు దినములలో పూలమొక్కలకు నీరెక్కడిదని పలువురు నిరాశ చెందుదురు. కాని కొండవాలునను, పొలముగట్లపైనను ఎవ్వరును నీరు పోయకయే పూచు మొక్కలు ఎన్నియో కలవు. వానిని మన పెరటిలోనే పెంచుకొనవచ్చును.

అయితే దారిప్రక్కన తమంత తాము మొలచినవన్నియు మన నేలకు చెందినవి కావు. పచ్చని పూలు పూయు ముండ్ల బ్రహ్మదండి మెక్సికో నుండి వచ్చినది. వయ్యారిభామ అమెరికా ఖండపు మొక్క. అది 1950ల దశకపు నడుమ పూనా వద్ద కనబడి, పిదప దేశమంతయు వ్యాపించినది. దాని పుప్పొడి కొందఱికి ఉబ్బసమును, స్పర్శ చర్మవ్యాధిని కలిగించును. ఇట్టి మొక్కను పూతకు ముందే, చేతికి తొడుగు వేసికొని, పెఱికివేయవలెను.

మన నేలకు తగిన వానిలో మొదట చెప్పదగినది తంగేడు. ఇది మనిషి ఎత్తువరకు పెరుగు పొద. దీని బంగారువన్నె పూవును తెలంగాణ ప్రభుత్వము 2014లో రాష్ట్రపుష్పముగా ప్రకటించినది. ఈ పూవులో తేనె ఉండదు. పుప్పొడి మాత్రమే ఉండును. అదియు కేసరముల కొనలందలి చిన్న రంధ్రముల లోపల దాగియుండును. పెద్ద తుమ్మెద పూవును పట్టుకొని ఝుమ్మని ఒడలు కంపింపజేయగా పుప్పొడి రాలిపడును. తంగేడు ఆకులను తిని కొన్ని జాతుల సీతాకోకచిలుకల గొంగళిపురుగులు పెరుగును. కావున ఆకులకు చిల్లులు పడినంతనే మందు చల్లరాదు.

తెల్లని తుమ్మిపూలు తేనెటీగలకు ప్రీతికరములు. ముళ్ళగోరింట కంచెగా పనికివచ్చును. నేలపై ప్రాకు విష్ణుక్రాంత ఉదయమున నీలిపూలతో అలరారును. వెంపలి వేళ్ళయందలి బుడిపెలలో నివసించు సూక్ష్మజీవులు గాలిలోని నత్రజనిని గ్రహించి నేలకు బలము నిచ్చును. అందుచేతనే రైతులు దానిని పచ్చిరొట్ట యెరువుగా వాడుదురు.

వీనిని పెంచు విధానము సులభము. గట్లపై మొక్కలను పెఱికి తేరాదు. లోతుగా దిగిన వేళ్ళు తెగినచో అవి బ్రదుకుట అరుదు. వానలు వెనుదీసిన పిమ్మట ఎండిన కాయలనుండి కొలదిగా గింజలు సేకరించి, మిగిలినవి అచ్చటనే రాలుటకు విడువవలెను. గింజలను నీడన ఆరబెట్టి కాగితపు పొట్లములలో దాచి, పేరు వ్రాసియుంచవలెను. తంగేడు గింజ పైపొర గట్టిది. గరుకురాతిపై కొంచెము రుద్ది, ఒక రాత్రి నాననిచ్చినచో త్వరగా మొలచును. ముళ్ళగోరింటను కొమ్మ నాటియు పెంచవచ్చును.

తొలకరి పడగానే విత్తుట మేలు. రేగడిలో నీరు నిలిచి వేళ్ళు కుళ్ళకుండ ఇసుక కలుపవలెను. తుమ్మి వంటి చిన్న గింజలపై పలుచగా మన్ను చల్లిన చాలును. ఎరువు మిక్కిలి వేసినచో ఆకులు హెచ్చి పూలు తగ్గును. మొదటి ఏడాది వానలు ఎడమైనపుడు నీరు పోయవలెను. వేళ్ళు లోతునకు దిగిన పిదప తంగేడు తనకు తానే నిలద్రొక్కుకొనును. పెరడు లేని ఇంట తుమ్మిని, విష్ణుక్రాంతను కుండీలలో పెంచవచ్చును. జిల్లేడు పాలు కంటికి హాని చేయును, ఉమ్మెత్త విషము. పసిపిల్లలు మసలుచోట ఈ రెంటిని పెంచరాదు.

ఈ శ్రమ అందము కొఱకు మాత్రమే కాదు. గట్లను దున్ని చేలలో కలుపుకొనుట వలనను, కలుపుమందుల వలనను ఈ మొక్కలకు చోటు తగ్గుచున్నది. పూలు లేనిచో తేనెటీగలకు తిండి లేదు. తేనెటీగలు రానిచో పెరటిలోని గుమ్మడితీగ ఎన్ని పూలు పూచినను పిందె నిలువదు. చేనిలోని పొద్దుతిరుగుడు పూవులో తాలుగింజలు హెచ్చును. అడవిపూవునకును అన్నపు ముద్దకును గల సంబంధ మిట్టిది. రాబోవు తొలకరికి ప్రతి విద్యార్థియు గుప్పెడు గింజలు సిద్ధపఱచుకొని, తన యింట మూరెడు నేలనైనను ఈ పూలకు కేటాయించుట మిక్కిలి మేలైన పని.