సూరతు కాఫీశాలలోని పారశీక పండితుడు

సాహిత్యమున కల్పిత పండితులు పెక్కుమంది కలరు. వారిలో పేరైనను లేనివాడు, కొలది పంక్తులలోనే జీవితచరిత్ర ముగిసినవాడు ఒక పారశీకుడు. ఫ్రెంచి రచయిత బెర్నార్డిన్ ద సేన్ పియేర్ (1737–1814) వ్రాసిన 'సూరతు కాఫీశాల' అను కథలో ఇతడు కనిపించును. టాల్‌స్టాయి ఈ కథను రష్యను భాషలో తిరిగి చెప్పగా అది 1893లో ప్రకటితమయ్యెను. పిదప లూయీజ్, ఎయిల్మర్ మోడ్ దంపతుల ఆంగ్లానువాదముగా 1906 నాటి 'ఇరువదిమూడు కథలు' సంపుటమున చేరెను. టాల్‌స్టాయి పేరిట వ్యాపించుటచే మూలకర్త మరుగునపడుటకు అవకాశమున్నది. కావున కల్పన సేన్ పియేర్‌ది, వ్యాప్తి టాల్‌స్టాయి వలన కలిగినది అని మొదటనే గుర్తింపవలెను.

సేన్ పియేర్ సూరతును చూచినవాడు కాడు. 1768 మొదలు 1770 వరకు మారిషస్ దీవిలో ఇంజనీరుగా ఉండెను గాని భారతదేశమునకు రాలేదు. అయినను ఆయన ఎన్నుకొన్న స్థలము కథకు తగినదే. మొగలుల కాలమున సూరతు పశ్చిమతీరపు మహారేవు. మక్కాయాత్రికులు ఓడ లెక్కిన చోటు. ఆంగ్లేయులు 1613లో అచట వర్తకస్థానము నెలకొల్పిరి. డచ్చివారు, ఫ్రెంచివారు తరువాత వచ్చిరి. మన తీరమున మచిలీపట్టణమును అట్టిదే; అచట ఆంగ్లేయుల వర్తకస్థానము 1611 నాటిది. అట్టి రేవులలో దుబాసి లేక దలాలి లేనిదే మాట సాగెడిది కాదు. కథలోని కాఫీశాలలో మాత్రము దుబాసికి చోటు లేదు. అన్ని దేశములవారును ఒకరి మాట నొకరు సులభముగా గ్రహింతురు. భాషాభ్యాసకునకు ఇదియే ఈ కథలోని అద్భుతలోకము.

పండితుని జీవితము ఇది: ఆయుష్షంతయు దైవతత్త్వమును గూర్చి చదివెను, వ్రాసెను, వాదించెను. తుదకు తన బుద్ధి చెదరినదని గ్రహింపక, జగత్తును నడపు బుద్ధియే లేదని నిశ్చయించుకొనెను. షా అతనిని దేశమునుండి వెడలగొట్టెను. సూరతు చేరి, కాఫీశాలలో నల్లమందు పానీయము సేవించి, వెలుపల ఎండలో రాతిపై కూర్చున్న తన ఆఫ్రికా బానిసను దేవుడున్నాడా యని అడిగెను. బానిస తన నడుమునుండి చిన్న కొయ్యబొమ్మను తీసి, పుట్టినది మొదలు తన్ను కాపాడిన దేవుడిదియే యని చూపెను. అంతట లోపలివారందరు తమతమ మతములే సత్యమని కలహింపసాగిరి.

కలహమున పాల్గొననివాడు కన్ఫ్యూషియస్ శిష్యుడైన ఒక చీనాదేశస్థుడు. తన్ను అడిగినపుడు అతడు సుమత్రాలో తాను చూచిన సంగతి చెప్పెను. ఒకడు సూర్యుడనగా నేమో తెలిసికొనగోరి, దానినే చూచి చూచి గ్రుడ్డివాడై, సూర్యుడే లేడని వాదించుచుండెను. అతని బానిస కొబ్బరిచిప్పలో నూనె పోసి, పీచుతో వత్తి చేసి దీపము సిద్ధపరచి, సూర్యుడు నాకు తెలియదు, వెలుగు తెలియును అనెను. ఆ పిమ్మట కుంటివాడు, జాలరి మొదలగువారు ఎవరి దీవి మేరకు వారు సూర్యుని గతిని నిర్ణయించిరి.

మనకు వెంటనే అంధగజన్యాయము స్ఫురించును. కాని భేదము గమనింపదగినది. ఏనుగు కథలో అందరును గ్రుడ్డివారే. ఇచట గ్రుడ్డివాడొక్కడే, అతడు చూపు కోల్పోయినది అజ్ఞానము వలన కాదు, అతిగా చూచుట వలన. అనగా చీనా పండితుడు చెప్పినది పారశీకుని చరిత్రయే. కొయ్యబొమ్మ పట్టిన బానిసయే కొబ్బరిదీపము పట్టిన బానిస. కథ ఒకే జీవితమును రెండుమారులు చెప్పినది.

ఈ జంట బానిసలను కేవలము అలంకారముగా భావింపరాదు. మారిషస్‌లో బానిసల బాధలను కన్నులార చూచి, 1773లో ప్రకటించిన తన యాత్రాగ్రంథమున వానిని ఖండించినవాడు సేన్ పియేర్. కాఫీశాలలో మొదటి సమాధానము చెప్పినవాడు నీడయైనను దొరకనివాడు. అతని మాటను మొదట తిరస్కరించినవాడు బ్రాహ్మణుడు. ఆ మాటకు గౌరవము దక్కినది చీనా పండితుని ముగింపులోనే: ఒక్క కిరణమును మాత్రమే చూచువానిని తృణీకరింపరాదు, ఏమియు చూడలేని గ్రుడ్డివానిని సైతము తృణీకరింపరాదు.

ఈ రెండవ వాక్యముతో పారశీకునకును క్షమ లభించినది. అతని గ్రంథములలో ఒక్కటైనను కథలో పేర్కొనబడలేదు. అతడు మిగిల్చిపోయినది ఒక ప్రశ్న మాత్రమే. ఆ ప్రశ్న తనకు దీపము పట్టు మనిషిని అడిగినది. కాని సమాధానమును ఆలకించినవారు ఇతరులు. గ్రంథములతో జీవితము గడుపు మనకు ఈ కల్పితపండితుని వలన కలుగు హెచ్చరిక ఇదియే: వెలుగును గూర్చి ఎంత వ్రాసినను, వత్తి చేసినవాని మాటను వినుట మరువరాదు.