పెదవులు ఆమెవి, గొంతు ఇంకొకరిది

కెమెరా ముందు హీరోయిన్ పెదవులు కదుపుతుంటుంది. ఫ్రేముకి కాస్త అవతల ఇంకో అమ్మాయి మైకు ముందు నిలబడి అదే డైలాగు పలుకుతుంటుంది. రెండూ ఒకేసారి జరగాలి. మాట ముందూ వెనకా అయితే షాటు పోయినట్టే. 1929లో లండన్ శివార్లలోని ఎల్‌స్ట్రీ స్టూడియోలో ఆల్ఫ్రెడ్ హిచ్‌కాక్ తీసిన 'బ్లాక్‌మెయిల్' కథ ఇది. పెదవులు చెక్ నటి అనీ ఓండ్రావి, గొంతు జోన్ బారీ అనే ఇంగ్లిష్ నటిది.

డబ్బింగ్ మనకేం కొత్త కాదు. సమంతకి చిన్మయి గొంతు ఇస్తే ఏళ్ల తరబడి హాయిగా విన్నాం. కానీ అది షూటింగ్ అయ్యాక, అద్దాల గదిలో కూర్చుని చేసే పని. అప్పట్లో ఆ సదుపాయం లేదు. బొమ్మతోపాటే శబ్దమూ సెట్లోనే రికార్డు కావాలి.

అనీ ఏమీ అనామకురాలు కాదు. అసలు పేరు ఓండ్రాకోవా. తండ్రి ఆస్ట్రియా-హంగరీ సైన్యంలో అధికారి. నేటి పోలండ్‌లోని టార్నూవ్‌లో 1902లో పుట్టి, ప్రాగ్‌లో పెరిగింది. ఇరవై ఏళ్లు నిండకముందే సినిమాల్లోకి వచ్చింది. నటుడు, దర్శకుడు కరెల్ లమాచ్, కెమెరామన్ ఒట్టో హెల్లర్, రచయిత వాస్లావ్ వాసర్‌మన్‌లతో కలిసి ఒక జట్టుగా చేసిన మూకీ కామెడీలు ఆమెని స్టార్‌ని చేశాయి. మూకీ సినిమాకి భాషేముంది? ప్రాగ్, వియన్నా, బెర్లిన్, లండన్... ఎక్కడికైనా మొహం ఉంటే చాలు. హిచ్‌కాక్ మూకీ 'ది మాంక్స్‌మన్'లోనూ ఆమే కథానాయిక.

'బ్లాక్‌మెయిల్' కూడా మూకీగానే మొదలైంది. మధ్యలో టాకీల గాలి వీచింది. ఆమె పాత్రేమో లండన్‌లో చిన్న దుకాణం నడుపుకునేవాళ్ల అమ్మాయి. నోరు తెరిస్తే చెక్ యాస! అప్పటి వాయిస్ టెస్టు ఇప్పటికీ ఉంది. నిమిషం కూడా ఉండదు. హిచ్‌కాక్ పక్కన నిలబడి మొరటు జోకులతో ఆటపట్టిస్తుంటే ఆమె సిగ్గుతో నవ్వుతూ మొహం తిప్పేసుకుంటుంది. చాలామంది దాన్ని సరదా క్లిప్పుగా పంచుకుంటారు. నాకైతే నవ్వు రాలేదు. ఒక మనిషి ఉద్యోగం ఊగిసలాడుతుండగా తీసిన ముక్క అది. పైగా ఆ గొంతులో లోపమేమీ నాకు వినపడలేదు. స్పష్టంగా, చిలిపిగా ఉంది. లండన్ పిల్లది కాదు, అంతే.

సినిమా చూడండి, ఆమె ఎంత నటి అనేది తెలుస్తుంది. తనపై అత్యాచారం చేయబోయిన చిత్రకారుణ్ణి కత్తితో చంపేశాక, మర్నాడు టిఫిన్ బల్ల దగ్గర కూర్చుంటుంది. పొరుగావిడ హత్య గురించి వాగుతూనే ఉంటుంది. క్రమంగా మిగతా మాటలన్నీ అస్పష్టమై 'కత్తి' అన్న మాటొక్కటే మిగులుతుంది. ఆ దృశ్యాన్ని మోసింది మౌనంగా ఉన్న ఆమె మొహమే. దానికి ఎవరి గొంతూ అరువు తేనక్కర్లేదు కదా!

ఇంగ్లండ్‌లో తలుపు మూసుకుంది. మరి కెరీర్ ముగిసిందా? లేదు. 1930లో లమాచ్‌తో కలిసి బెర్లిన్‌లో 'ఓండ్రా-లమాచ్ ఫిల్మ్' పెట్టింది. ఇద్దరి మధ్య ప్రేమ ముగిసినా పని ఆగలేదు, అది నాకు నచ్చిన సంగతి. జర్మన్‌లో మాట్లాడింది, చెక్‌లో మాట్లాడింది, రెండు చోట్లా జనం ఆదరించారు. 1933లో బాక్సర్ మాక్స్ ష్మెలింగ్‌ని పెళ్లాడింది. జో లూయీని 1936లో నాకౌట్ చేసినవాడు, 1938లో అతని చేతుల్లోనే ఒక్క రౌండులో మట్టికరిచినవాడు. 1987లో ఆమె పోయేదాకా యాభై ఏళ్లకు పైగా కలిసే ఉన్నారు.

గొంతు ఇచ్చిన జోన్ బారీకి 'బ్లాక్‌మెయిల్' టైటిల్స్‌లో పేరు కూడా వేయలేదు. తర్వాత 'రిచ్ అండ్ స్ట్రేంజ్'లో హిచ్‌కాకే ఆమెను కథానాయికని చేశాడు.

'బ్లాక్‌మెయిల్'కి మూకీ ప్రతి కూడా ఉంది. చాలా థియేటర్లలో అప్పటికి శబ్ద యంత్రాలు లేవు మరి. నన్నడిగితే ముందు అది చూడమంటాను. ఆ తర్వాత వీలైతే 1931 నాటి చెక్ టాకీ 'ఓన్ ఆ యెహో సెస్ట్రా' వెతకండి. పక్కన హాస్యనటుడు వ్లాస్తా బురియన్. మాటలు మనకి అర్థం కావు గానీ, అక్కడ మాట్లాడేది అనీయే.