టీకాలును మనస్సాక్షియు

ఇంగ్లండులో 1853వ సంవత్సరపు చట్టము శిశువులకు మశూచి టీకాను విధిగా జేసెను. ఒప్పని తండ్రులు జరిమానాలు చెల్లించిరి. కొందఱు చెఱసాలకు బోయిరి. 1898లో మినహాయింపు వచ్చెను. బిడ్డ పుట్టిన నాలుగు మాసములలోపల తండ్రి మేజిస్ట్రేటుల యెదుట నిలిచి, టీకా బిడ్డకు హానికరమని తాను మనస్సాక్షిగా నమ్ముచున్నట్లు వారికి తృప్తి కలుగజేయవలెను. ఒకరి మనస్సాక్షిని వేఱొకరు తూచుట యెట్లు? 1907లో ప్రమాణపత్రమే చాలునని సవరించిరి.

మనస్సాక్షిని మేము గౌరవింతుము. అయితే సాక్షి తండ్రిది, రోగము సోకెడి యొడలు బిడ్డది. 2014 చివర తట్టు వ్యాపించిన పిదప, కాలిఫోర్నియా రాష్ట్రము 2015లో చట్టము చేసి, బడిపిల్లలకు తల్లిదండ్రుల నమ్మకమును బట్టి యిచ్చు మినహాయింపును తొలగించి, వైద్యకారణమును మాత్రము నిలిపెను. అది న్యాయమని మా తలంపు. రక్తపు క్యాన్సరునకు చికిత్స పొందు బిడ్డకు తట్టు టీకా వేయరాదు. ఆ బిడ్డకు ప్రక్కబల్లవారి టీకాయే కాపుదల.