లేని ఊళ్ళు కట్టే మనిషి

మన ఉగాది నాటకాలకు ఎనిమిదేళ్ళుగా సెట్టింగులు వేస్తున్నాను. ఉద్యోగం కంప్యూటర్ల మీద, మనసు మాత్రం రంగుల మీద. నాటకం అయ్యాక వేషధారులకు చప్పట్లు, శాలువాలు. అట్టలూ థర్మకోలూ విప్పి వ్యాన్‌లోకి ఎక్కించి వచ్చేసరికి నాకు పులిహోర కూడా మిగలదు! విసుగు పుట్టి ఒక ఏడాది ఈ పని మానేద్దామనుకున్నాను. నాచేత మళ్ళీ కుంచె పట్టించినది ఒక జపాన్ కళాదర్శకుడి పనితనం. ఆయనే యోహెయ్ తానెదా.

1960లో ఒసాకాలో పుట్టిన తానెదా, ముసాషినో ఆర్ట్ యూనివర్సిటీలో చిత్రకళ చదివారు. సినిమాల్లో సహాయకుడిగా మొదలుపెట్టి కళాదర్శకుడయ్యారు. 1996లో షుంజి ఇవాయ్ తీసిన 'స్వాలోటెయిల్ బటర్‌ఫ్లై' ఆయనకు మంచి పేరు తెచ్చింది. యెన్‌లు సంపాదించుకుందామని జపాన్‌కు వలస వచ్చినవాళ్ళ కథ అది. వాళ్ళుండే 'యెన్‌టౌన్' ఏ మ్యాపులోనూ లేదు. అయినా పొట్ట చేతపట్టుకుని వచ్చినవాళ్ళ బతుకంతా ఆ గోడల్లో, ఆ సామాన్లలో కనబడుతుంది. అది చూస్తుంటే, ఈ దేశం వచ్చిన కొత్తలో మేం నలుగురం సర్దుకున్న అపార్ట్‌మెంటు, రోడ్డు పక్కనుంచి మోసుకొచ్చిన సోఫా గుర్తొచ్చాయి.

ఆ తరువాత క్వెంటిన్ టరాంటినో 'కిల్ బిల్' మొదటి భాగానికి (2003) తానెదా పనిచేశారు. కథలో అది టోక్యో రెస్టారెంటు. సెట్ వేసింది బీజింగ్ స్టూడియోలో! 'ది హేట్‌ఫుల్ ఎయిట్' (2015) కథ చాలా భాగం మంచు తుఫానులో చిక్కిన ఒక్క గదిలోనే నడుస్తుంది. ఆ గదిని లాస్ ఏంజెలిస్‌లో వేసి, నటుల నోటివెంట ఆవిరి కనబడేలా స్టేజినే చల్లబరిచారు. జిబ్లీ స్టూడియో బొమ్మల సినిమా 'వెన్ మార్నీ వాజ్ దేర్' (2014)కూ ఆయనే కళాదర్శకులు. 2010లో టోక్యోలోని ఒక మ్యూజియంలో, నేలకింద కాపురముండే బుల్లి పిల్ల 'అరియెట్టి' ఇంటిని భారీగా కట్టారు. లోపలికి వెళ్ళినవాళ్ళకు తామే చిట్టిమనుషులమైనట్లుండేది.

అసలు మనమూ అంతే కదా! 'మాయాబజార్' అనగానే ఘటోత్కచుణ్ణి తలుచుకుంటాం. కళాదర్శకులు గోఖలే, కళాధర్ గార్లను తలిచేవారెందరు?

కిందటి ఉగాదికి పల్లెటూరి అరుగు వేశాను. నాటకం అయ్యాక, ఇండియా నుంచి వచ్చిన మా అమ్మ మెల్లగా స్టేజి ఎక్కి, ఆ అట్ట అరుగును చేత్తో తడిమింది. "మనింటిదేరా!" అంది. ఆ ఇల్లు అమ్మేసి పన్నెండేళ్ళయింది. ఆరోజు పులిహోర సంగతే గుర్తురాలేదు.

ఈసారి ఊరిబావి వెయ్యాలి. మీ పిల్లలను శనివారం మా గరాజ్‌కు పంపండి. కుంచెలు నేనిస్తాను.