ప్రకటనకు మారుపేరు 'సూచన'

పలమనేరులో మా కథాపఠన సమావేశాలు పెద్ద హంగు లేకుండా జరుగుతాయి. ఒక గది, ఇరవై కుర్చీలు, మధ్యలో టీ. మదనపల్లె, పుంగనూరు, కుప్పం నుంచి ఆసక్తిగల విద్యార్థులు బస్సెక్కి వస్తారు. ఈమధ్య జరిగిన ఒక సమావేశంలో ఒక యువ రచయిత టమోటా రైతు మీద కథ చదివాడు. చేతిలో కాగితాలు లేవు. ల్యాప్‌టాప్‌లో ఉన్న కథను గోడమీద వెలుగులో చూపిస్తూ చదివాడు. మండీలో ధర పడిపోయింది. సరుకును తిరిగి ఇంటికి మోసుకుపోతే బాడుగ కూడా దండగ. రైతు కాయల్ని రోడ్డు పక్కన కుమ్మరించే ఘట్టం వచ్చింది. సరిగ్గా అప్పుడే తెర కుడివైపు అడుగున ఒక చిన్న పెట్టె లేచింది. మీ పనిని ఇంకా హాయిగా చేసుకోండి అన్న అర్థం వచ్చే మాటలు, పక్కన అమ్మకానికి పెట్టిన ఏదో సరుకు బొమ్మ. వెనక వరసలో కూర్చున్న ఒక పెద్దాయన, సేద్యం చేసుకునే మనిషి, "ఏం నాయినా, ఈ మాట కతలో వుండాదా, లేకుంటే యాడన్నా బయట్నించి వచ్చిందా?" అని అడిగాడు.

అందరం నవ్వాం. నవ్వు ఆగిన తర్వాత, ఆ ప్రశ్న మేము ఆ పూట చేసిన విమర్శలన్నిటికన్నా సూటిగా ఉందని నాకు అనిపించింది. ఆ యంత్రం ఏ కంపెనీదన్నది అప్రస్తుతం. పెద్దాయన ప్రశ్నకు జవాబు వెతుకుతూ నేను తెలుసుకున్న సంగతులను తోటి రచయితలతోనూ, సాహిత్య విద్యార్థులతోనూ పంచుకోవడం ఈ వ్యాసం ఉద్దేశం.

సాహిత్య పత్రికలో యంత్రాల గొడవ ఎందుకని ఎవరైనా అడగవచ్చు. ఇవాళ మనలో ఎక్కువమంది రాసేది, చదివేది, దాచుకునేది కంప్యూటర్‌లోనో ఫోనులోనో. రాసే పుటలోకి రచయిత అనుమతి లేకుండా మరొకరి మాట ప్రవేశిస్తుంటే అది సాహిత్య విషయం కాకుండా ఎలా పోతుంది?

ముందుగా ఒక తేడా గుర్తించాలి. ప్రకటనలు మనకు కొత్త కాదు. కాశీనాథుని నాగేశ్వరరావు 1893లో బొంబాయిలో అమృతాంజనం తయారీ ప్రారంభించాడు. అక్కడే 1908లో ఆంధ్రపత్రికను వారపత్రికగా స్థాపించాడు. తలనొప్పి మందు అమ్మకం తెలుగు పత్రికకు అండగా నిలిచిన చరిత్ర మనది. అయితే పత్రికలో ప్రకటనకు ఒక గీత ఉంటుంది, ఒక చోటు ఉంటుంది. గీతకు ఇవతల రచన, అవతల సరుకు. చదువరికి ఆ సంగతి తెలుసు. అవసరమైతే పుట తిప్పేస్తాడు.

ఆపరేటింగ్ సిస్టమ్ అలాంటిది కాదు. అది పత్రికలో ఒక పుట కాదు, పత్రికను పెట్టుకునే బల్ల. మనం రాసే ప్రోగ్రామూ, బొమ్మలు చూసే ప్రోగ్రామూ అన్నీ దానిమీదే నిలబడతాయి. అంచేత దానిలోంచి వచ్చే మాటకు ఒక అధికారం ఉంటుంది. "మీ పరికరానికి రక్షణ కావాలి" అనే హెచ్చరికా, "ఈ సరుకు ప్రయత్నించండి" అనే అమ్మకపు మాటా ఒకే అచ్చులో, ఒకే మూలలోంచి లేస్తాయి. మన పెద్దాయన తికమకపడింది అమాయకత్వం వల్ల కాదు. తికమకపడేటట్టుగానే దాన్ని అమర్చారు.

దీని చరిత్ర కొంచెం చూద్దాం. మైక్రోసాఫ్ట్ 2015 జూలై 29న విండోస్ 10ను విడుదల చేసి, పాత విండోస్ వాడుతున్నవారికి ఒక ఏడాదిపాటు ఉచితంగా ఇచ్చింది. దానితోపాటు క్యాండీ క్రష్ అనే ఆట కూడా వచ్చింది. 2016 ఫిబ్రవరిలో కొందరి కంప్యూటర్ల లాక్ స్క్రీన్ మీద ప్రకృతి దృశ్యాల బదులు ఒక వీడియో ఆట ప్రకటన వెలసింది. 2021 అక్టోబరులో విండోస్ 11 వచ్చింది. 2022 మార్చిలో దాని పరీక్ష ప్రతి ఒకదానిలో, ఫైళ్లు దాచుకునే కిటికీ పైభాగంలోనే మైక్రోసాఫ్ట్ ఎడిటర్ అనే రాతదిద్దుబాటు సరుకు ప్రచారం కనిపించింది. అది బయటికి రావలసినది కాదని కంపెనీ చెప్పి తీసివేసింది. 2024 ఏప్రిల్‌లో వచ్చిన ఒక అప్‌డేట్‌తో స్టార్ట్ మెనూలో మన సొంత ఫైళ్లు కనిపించే 'రికమెండెడ్' వరసలోకే యాప్‌ల ప్రచారం చేరింది. ఉచితంగా ఇచ్చిన కాలంలో మొదలైన అలవాటు డబ్బిచ్చి కొన్న యంత్రంలోనూ కొనసాగుతున్నదని దీన్నిబట్టి తెలుస్తుంది.

ఇక అసలు విషయానికి వస్తాను. వీటిని ఆపవచ్చు. ఆపడం కష్టం కాదు, కాని వెతకడం కష్టం. విండోస్ 10కు కంపెనీ మద్దతు 2025 అక్టోబరు 14తో ముగిసింది కాబట్టి విండోస్ 11 పద్ధతే చెబుతాను. వెర్షన్‌ను బట్టి పేర్లు కొంచెం అటూ ఇటూ అవుతాయి.

సెట్టింగ్స్ తెరిచి పర్సనలైజేషన్‌లో స్టార్ట్ అనే విభాగానికి వెళ్లండి. అక్కడ 'షో రికమెండేషన్స్ ఫర్ టిప్స్' అని మొదలయ్యే మీట ఉంటుంది. దాన్ని ఆపండి. అదే పర్సనలైజేషన్‌లో లాక్ స్క్రీన్ విభాగంలో 'విండోస్ స్పాట్‌లైట్' బదులు 'పిక్చర్' ఎంచుకుని మీకు నచ్చిన బొమ్మ పెట్టుకోండి. దాని కిందనే 'ఫన్ ఫ్యాక్ట్స్, టిప్స్, ట్రిక్స్' అనే చోట టిక్కు తీసేయండి. అక్కడే డివైస్ యూసేజ్ అనే మరో విభాగం ఉంది. మీరు యంత్రాన్ని ఆటలకు వాడతారా, చదువుకు వాడతారా, వ్యాపారానికి వాడతారా అని అడుగుతుంది. మీ జవాబును బట్టి సిఫార్సులు పంపుతుంది. అన్నీ ఆపవచ్చు. తర్వాత సిస్టమ్‌లో నోటిఫికేషన్స్‌కు వెళ్లి, అట్టడుగున ఉన్న అడిషనల్ సెట్టింగ్స్ తెరవండి. అక్కడున్న మూడు టిక్కులూ తీస్తే, అప్‌డేట్ కాగానే వచ్చే స్వాగతాలూ, మధ్యమధ్య వచ్చే చిట్కాలూ తగ్గుతాయి. ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లో పైనున్న మూడు చుక్కలు నొక్కి, ఆప్షన్స్‌లో వ్యూ అనే పుటలో 'షో సింక్ ప్రొవైడర్ నోటిఫికేషన్స్' అన్నదానికి టిక్కు తీయండి. చివరగా ప్రైవసీ అండ్ సెక్యూరిటీలో జనరల్ అనే విభాగంలోనో, కొత్త వెర్షన్లలో 'రికమెండేషన్స్ అండ్ ఆఫర్స్' అనే విభాగంలోనో అడ్వర్టైజింగ్ ఐడీ ఉంటుంది. ఇది ప్రకటనల కోసం మీకు తగిలించిన గుర్తింపు సంఖ్య. దీన్ని ఆపినంత మాత్రాన ప్రకటనల లెక్క తగ్గదు. ఆ సంఖ్యను పట్టుకుని యాప్‌లు మీ అభిరుచులను జోడించి చూడడం ఆగుతుంది.

ఇవి ఆపితే యంత్రం పాడవుతుందన్న భయం మా వైపు విద్యార్థుల్లో చాలామందికి ఉంది. పాడవదు. అయితే భద్రత కోసం వచ్చే అప్‌డేట్లను మాత్రం ఆపకూడదు. అన్నిటినీ ఒక్క నొక్కుతో ఆపేస్తామని చెప్పే ముక్కూమొహం తెలియని ప్రోగ్రాములను తెచ్చి పెట్టుకోకూడదు. ప్రకటన పోయి దొంగ వచ్చే ప్రమాదం ఉంది.

ఇప్పుడొక సంగతి గమనించండి. నేను చెప్పిన దారిలో 'ప్రకటన' అనే మాట ఎన్నిసార్లు ఎదురైంది? ఒక్క చివరి మీట దగ్గర తప్ప మరెక్కడా లేదు. మిగతావన్నీ చిట్కాలు, సిఫార్సులు, సరదా విషయాలు, సూచనలు. ఇంకోచోట 'టైలర్డ్ ఎక్స్‌పీరియన్స్' అంటారు, అంటే మన కొలతలకు కుట్టిన అనుభవం. అనుభవం అన్న మాటకు సాహిత్య విమర్శలో ఎంత బరువుందో మీకు చెప్పనక్కరలేదు. జీవితంలోంచి రచయిత సంపాదించుకునేదాన్ని అనుభవం అన్నాం. ఇక్కడ సరుకు చూపించడానికి ఆ పేరు పెట్టారు. పేరు మార్చడం ద్వారా సంబంధాన్ని మరుగుపరచడం పాలకవర్గాలకు పాత విద్యే. కూలి తగ్గింపును సర్దుబాటు అన్నవారిని మనం చూశాం. దాని భాషను విప్పి చూపించడం మన విమర్శ చేస్తూ వచ్చిన పనే.

రెండో విషయం, ఈ మీటల్లో చాలావరకు మనం యంత్రం కొన్ననాడే 'ఆన్'లో ఉంటాయి. ఆపడానికి మాత్రం ఆరు గదులు తిరగాలి. మనిషి సామాన్యంగా ఉన్నదాన్ని ఉన్నట్టే వదిలేస్తాడు. అతనికి తీరిక లేదు, భాష అడ్డం, భయం అడ్డం. ఆ వదిలివేతనే అంగీకారంగా లెక్క కడతారు.

మా ప్రాంతంతో దీనికి మరింత దగ్గర సంబంధం ఉంది. 2015 ఆగస్టు 10న షావోమీ కంపెనీ భారతదేశంలో తయారైన తన మొదటి ఫోనును విశాఖపట్నంలో విడుదల చేసింది. ఫాక్స్‌కాన్ ఆ ఫోన్లను కూర్చింది శ్రీసిటీలో. అప్పటికి శ్రీసిటీ మా చిత్తూరు జిల్లాలోదే. 2022 ఏప్రిల్ నుంచి తిరుపతి జిల్లాలోకి వెళ్లింది. మా జిల్లా మనుషుల చేతులమీదుగా తయారైన ఫోన్లు మా జిల్లా పిల్లల చేతుల్లోకే వచ్చాయి. అదే కంపెనీ 2018 ఏప్రిల్‌లో పరికరాల మీద తన నికర లాభం 5 శాతం దాటనివ్వనని ప్రకటించింది. వినడానికి ఇది ప్రజాహితంగానే ఉంది. మరి మిగతా లాభం ఎక్కడిది? అదే ఏడాది సెప్టెంబరులో, ఫోను సెట్టింగ్స్‌లోనే ప్రకటనలు వస్తున్నాయన్న విమర్శ వచ్చినప్పుడు, తమ ఇంటర్నెట్ సేవల్లో ప్రకటనలు విడదీయరాని భాగమని కంపెనీ జవాబిచ్చింది. దాపరికం లేని మాటే. కాని ఆ మాట ఫోను పెట్టెమీద లేదు.

వాటిని ఆపే దారి కూడా ఉంది. ఆ ఫోన్ల సెట్టింగ్స్‌లో పాస్‌వర్డ్స్ అండ్ సెక్యూరిటీలో, ఆథరైజేషన్ అండ్ రివొకేషన్ అనే జాబితాలో 'ఎంఎస్ఏ' అని మూడక్షరాల పేరు ఉంటుంది. ప్రకటనలు తెచ్చే భాగం అదే. దాన్ని ఆపబోతే పది సెకన్లు ఆగమంటుంది. ఒప్పుకోవడానికి ఒక్క క్షణం, కాదనడానికి పది సెకన్లు! ఆ తర్వాత ప్రైవసీలో యాడ్ సర్వీసెస్ దగ్గర వ్యక్తిగత ప్రకటనలను ఆపాలి. ఒక్కొక్క యాప్‌లోకి వెళ్లి రికమెండేషన్స్ అనే మీట కూడా ఆపాలి.

ఇక్కడొక న్యాయమైన ప్రశ్న తలెత్తుతుంది. ప్రకటనల వల్లనే కదా పేదవాడికి ఫోను చవకగా దొరికింది? టమోటా రైతు కూతురు ఆ ఫోనులోనే పాఠాలు చదువుకుంది కదా? నిజమే. చవక ఫోనును మనం ఎగతాళి చేయనక్కరలేదు. చవక వెనకనున్న లెక్కను మాత్రం అడగాలి. ఆ పిల్ల ధరలో కొంత డబ్బుగా ఇచ్చింది. మిగిలింది తన చూపుగా, తన సమయంగా వాయిదాల్లో కడుతూనే ఉంది. ఖరీదైన ఫోను కొన్నవాడికి ఈ వాయిదా తక్కువ. కట్టక తప్పనిది లేనివాడికే. పలమనేరు మట్టిపనికి పేరుపడ్డ ఊరు. కుండ అమ్మిన మా కుమ్మరి, మనం నీళ్లు ముంచుకున్న ప్రతిసారీ వచ్చి ఇంకో కుండ కొనమని అడగడు. అమ్మకం అయిన తర్వాత కుండ కొన్నవాడిది. యంత్రం విషయంలో ఆ సామాన్య న్యాయమే తలకిందులైంది.

అయితే ఇది మార్చలేనిదేమీ కాదు. స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్ మీద నిర్మించిన ఉబుంటు కూడా 2012 అక్టోబరులో, సొంత కంప్యూటర్‌లో ఫైలు వెతికినా అమెజాన్ సరుకులు చూపించే ఏర్పాటు పెట్టింది. ఆ డిసెంబరులో రిచర్డ్ స్టాల్‌మన్ దాన్ని బాహాటంగా నిఘా సాఫ్ట్‌వేర్ అన్నాడు. వాడుకరులు ఊరుకోలేదు. 2016 ఏప్రిల్‌లో వచ్చిన ప్రతిలో ఆ వెతుకులాట ముందుగానే 'ఆఫ్'లో ఉండేటట్టు మార్చారు. మన వైపు హైదరాబాదు కేంద్రంగా 'స్వేచ్ఛ' సంస్థ తెలుగులో గ్నూ/లినక్స్ వ్యాప్తికి చాలాకాలంగా పనిచేస్తున్నది. చట్టం కూడా కొంత కదిలింది. 2023 నవంబరు 30న కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ, మనిషిని ఏమార్చే పద్ధతులు 13 అని గుర్తించి మార్గదర్శకాలు జారీచేసింది. మరో రూపంలో కనిపించే మారువేషపు ప్రకటన వాటిలో ఒకటి. పదేపదే అడిగి వేధించడం మరొకటి. యంత్రం లోపలి 'సూచన'ను ఈ నిర్వచనాల ముందు నిలబెట్టి ప్రశ్నించవలసిన బాధ్యత వినియోగదారుల సంఘాలకే కాదు, మనకూ ఉంది.

మీటలు ఆపుకోవడంతో పని పూర్తయిందని నేను అనడం లేదు. మరో అప్‌డేట్‌తో మరో మీట రావచ్చు. ఎవరి గదిలో వారు తలుపు వేసుకోవడం ఆత్మరక్షణ మాత్రమే. ప్రకటనను ప్రకటన అని తెలుగులో స్పష్టంగా పిలవాలి. కొన్ననాడే అది ఆగి ఉండాలి. కావలసినవారే తెరుచుకోవాలి. ఇది మన కోరిక కావాలి. అంతవరకు ఈ ఆరు గదుల దారిని మనకు తెలిసినవారికల్లా చూపిద్దాం.

ఆ సమావేశంలో కథ చివరిదాకా చదవడం కుదిరింది. తర్వాత ఆ కుర్రవాడూ నేనూ కూర్చుని ల్యాప్‌టాప్‌లో మీటలన్నీ ఒక్కొక్కటిగా ఆపాం. పెద్దాయన పక్కనే నిలబడి చూస్తూ, "అయితే అది కతలోది కాదన్నమాట" అన్నాడు. కాదని చెప్పాను. "మరి ముందే చెప్పాల గదా" అన్నాడు. ఆయన అడిగిన ఆ చిన్న న్యాయమే ఈ వ్యాసమంతా అడుగుతున్నది.