స్వీట్ పీ తీగెకు నీరు పోయు విధము



చలికాలమున హైదరాబాదులో మా పెరటిగోడపై నల్లుకొను స్వీట్ పీ తీగెలను జూచి, “ఇవి చలిదేశపు పూవులు గదా! మన యెండల కెట్లు నిలిచినవి?” అని చాలమంది యడుగుదురు. వీనిని రెండేండ్లు చంపుకొన్న పిదప గాని పెంచు విధము నాకు దెలియలేదు. తెలిసినదానిలో ముఖ్యభాగము నీటిని గుఱించినది. దానినే నేడు మీకు విన్నవించుచున్నాను.

మా తల్లిగారికి చూపు మందగించి చాల యేండ్లయినది. పూవును వారు రంగుచేత గాక వాసనచేతనే యెఱుగుదురు. వారి కిటికీ క్రింద నీ తీగె నల్లింపవలెనని నాకు గోరిక కలిగెను. మొదటి యేట ప్రతి సాయంకాలమును చెంబెడు నీరు తీగెలపై జిలుకరించెడివాడను. పైమన్ను తడిసినంతనే తృప్తి పడితిని. నెల తిరుగునప్పటికి అడుగునాకులు పసుపువాఱెను. మొగ్గలు విచ్చకయే రాలిపోయెను. ఒక తీగెను పెకలించి చూడగా వేళ్ళన్నియు పైరెండంగుళములలోనే యుండెను. క్రిందిమన్ను బూడిదవలె పొడిగా నుండెను. రెండవ యేట వెఱచి దినమునకు రెండుమారులు కుదురు నిండ నీరు పోసితిని. ఈసారి వేళ్ళు కుళ్ళెను. ఆ రెండేండ్లును మా తల్లిగారి చేతికి ఒక్క పూవైన నీయలేకపోతిని.

అప్పుడు గాని నేనీ మొక్క పుట్టుకను విచారింపలేదు. దీని పుట్టిల్లు ఇంగ్లండు గాదు, మధ్యధరాసముద్ర తీరదేశము. సిసిలీ ద్వీపమునుండి ఫ్రాన్సిస్కో కుపానీ యను సన్యాసి 1699లో దీని విత్తులను ఇంగ్లండునకు బంపెను. సిసిలీలో వేసవి పొడియెండ. వానలు చలికాలమునందే హెచ్చు. కావున నీ మొక్క చల్లనివేళ పెరిగి, ఎండలు ముదురకమునుపే కాయగాచి చచ్చు స్వభావము గలది. మన హేమంతమును దానికి సిసిలీ శీతకాలముగా జేయగలిగినచో నదియు మనయొద్ద సుఖముగా నుండును. ఆకునకు వెచ్చని యెండ తగిలినను, వేరునకు మాత్రము చల్లదనము కావలెను. ఇదియే కీలకము.

మొదట విత్తును గుఱించి చెప్పెదను. వేసవిపూత జాతులు దినమునకు సుమారు 12 గంటల వెలుతురున్నగాని చక్కగా పూయవు. శీతకాలపుపూత జాతులకు 10, 11 గంటలు చాలును. హైదరాబాదులో డిసెంబరు పగలు సుమారు 11 గంటలు. మొదటి జాతిని నాటినవారు మార్చి వఱకు ఆకులనే చూచెదరు; పూవు వచ్చువేళకు ఎండయు వచ్చును. కావున పొట్లముపై శీతకాలపుపూత యని యున్నదో లేదో చూచి కొనుడు.

సెప్టెంబరులో, పడమటియెండ తగులని చోట, అడుగున్నర లోతున గాడి త్రవ్వి, మాగిన పశువులయెరువును మన్నుతో గలిపి నింపవలెను. అక్టోబరు చివర, వానలు వెనుకబట్టిన పిదప, ఒక రాత్రి నానిన విత్తులను అంగుళము లోతున, జానెడు ఎడముగా నాటవలెను. మొలక నాలుగుజతల యాకులు తొడిగినప్పుడు కొన త్రుంచినచో ప్రక్కకొమ్మలు వచ్చును. నత్రజనపు టెరువులు హెచ్చుగా వేయరాదు. బఠాణీకివలెనే దీని వేళ్ళకును బుడిపెలుండును. వానిలోని సూక్ష్మజీవులు గాలిలోని నత్రజనిని గ్రహించి మొక్కకిచ్చును.

ఇక నీరు. దీనికి తిథివారములు లేవు. చూపుడువ్రేలిని రెండంగుళములు మన్నులో గ్రుచ్చి చూడుడు. చెమ్మ తగిలినచో ఆ దినమున నీరు వలదు. పొడిగా నున్నచో ఉదయముననే, ఆకులు తడియకుండ, మొదళ్ళప్రక్క గాడిలో మెల్లగా బోయుడు. అది యింకిన పిదప మఱల బోయుడు. నీరు లోతునకు దిగినచో వేరును దాని వెంట దిగును. మా యెఱ్ఱమన్నులో, ఎదిగిన తీగెలకు, ఆఱడుగుల వరుసకు రెండు బిందెల నీరు నాలుగు దినములు వచ్చెడిది. నల్లరేగడిలో నింకను ఎడమీయవలెను. పిదప రెండంగుళముల మందమున వరిగడ్డి గాని యెండుటాకులు గాని పఱచినచో మన్ను చల్లగా నుండును. పూతవేళ మన్ను పూర్తిగా నెండనీయరాదు. మొగ్గలు రాలును, ఆకులకు బూడిదతెగులు తేలికగా బట్టును.

మూడవ యేట జనవరి మొదట పూవులు విచ్చెను. మా తల్లిగారు ప్రతి యుదయమును క్రొత్తగుత్తి నడుగుటచేత నేను పూవులను నిలువనీయక కోసెడివాడను. కోసినకొలది తీగె పూచెను. సంక్రాంతికి వారు మా యన్నగారి యూరికేగి పదునైదు దినములుండిరి. నేను పూవులు తీగెపైననే యందముగా నున్నవని విడిచితిని. వారు తిరిగివచ్చునప్పటికి తీగెనిండ కాయలే, పూత సన్నగిలెను. విత్తు ముదిరినతోడనే ఈ మొక్క తన పని ముగిసినదని తలచును. కాయలన్నిటిని త్రుంచివేయగా మఱల కొన్నిదినములకు పూచెను. అంతటినుండి రెండుదినముల కొకమారైనను కోయక మానలేదు.

ఒక హెచ్చరిక. కాయలు బఠాణీలను బోలియుండును గాని తినదగినవి కావు, విషము గలవి. పిల్లల కందనీయకుడు.

మార్చిలో ఎండ ముదిరిన పిదప ఎంత నీరు పోసినను ఈ తీగె నిలువదు. అప్పుడు దుఃఖింపక, మొదలు కోసి, వేళ్ళను మన్నుననే విడువుడు. అవి మఱుపంటకు బలమిచ్చును.