అచ్చు పేజీ నుంచి ఫోను దాకా

కొండవీటి సత్యవతి పశ్చిమ గోదావరి జిల్లా నరసాపురం దగ్గరి సీతారామపురంలో రైతు కుటుంబంలో పుట్టారు. 1970ల్లో హైదరాబాద్ చేరి, రెవెన్యూ శాఖలో ఉద్యోగం చేస్తూ కథలు రాశారు. 1993లో మొదలైన స్త్రీవాద పత్రిక ‘భూమిక’కు సంపాదకురాలయ్యారు. కొన్నేళ్లకు ఉద్యోగం మధ్యలోనే వదిలేసి, పూర్తి కాలం పత్రికకూ స్త్రీల హక్కుల పనికీ అంకితమయ్యారు.

‘భూమిక’ పుట్టిన కాలం మామూలు కాలం కాదు. 1978లో హైదరాబాద్‌లో రమీజాబీపై పోలీసుల అత్యాచారం, ఆమె భర్త మరణం నగరాన్ని కుదిపేశాయి. ఆ రోజుల్లోనే స్త్రీల సంఘం ‘స్త్రీశక్తి సంఘటన’ పనిచేయడం మొదలుపెట్టింది. 1985లో స్త్రీల అధ్యయన కేంద్రం ‘అన్వేషి’ ఏర్పడింది. నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు తమ ఊళ్లో సారా దుకాణం మూయించాక సారా వ్యతిరేక ఉద్యమం రాష్ట్రమంతా పాకి, 1993 అక్టోబరు 1న సారా నిషేధం అమల్లోకి వచ్చింది. స్త్రీవాద కవితల సంకలనం ‘నీలిమేఘాలు’ వెలువడింది కూడా ఆ ఏడాదే. ఆడవాళ్ల పత్రిక అంటే వంటలు, ముగ్గులు, కుట్లు అల్లికలు అనుకునే చోట ‘భూమిక’ చట్టం, హింస, శ్రమ, సాహిత్యం గురించి రాసింది. త్రైమాసికంగా మొదలై తర్వాత మాసపత్రిక అయింది. ప్రకటనల అండ పెద్దగా లేని చిన్న పత్రిక మూడు దశాబ్దాలు నిలబడటం తెలుగులో అరుదు.

సత్యవతి మనసు పెట్టి చేసిన పనుల్లో భండారు అచ్చమాంబను మళ్లీ వెలుగులోకి తేవడం ఒకటి. తొలి తెలుగు కథ అనగానే 1910 నాటి గురజాడ ‘దిద్దుబాటు’ పేరే చెప్పుకునేవారు. అచ్చమాంబ ‘ధనత్రయోదశి’ 1902 నవంబరులోనే ‘హిందూసుందరి’ పత్రికలో అచ్చయింది. తమ్ముడు కొమర్రాజు లక్ష్మణరావు చదువుతుంటే పక్కన కూర్చుని చదువు నేర్చుకున్న ఆమె, ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ పేరుతో స్త్రీల జీవిత చరిత్రలు రాశారు. మచిలీపట్నంలో స్త్రీ సమాజం పెట్టించారు. 1905లో ముప్పై ఏళ్లకే కన్నుమూశారు. ఆమె జీవితాన్ని సత్యవతి పుస్తకంగా రాశారు. మొదటి స్థానం ఎవరిదన్న పంతం కన్నా, పత్రికలో రాయడం, సంఘం పెట్టడం ఒకే స్త్రీ చేతి మీదుగా జరగడం ఇక్కడ ముఖ్యం. దాదాపు నూరేళ్ల తర్వాత ‘భూమిక’ నడిచింది ఆ బాటనే.

పత్రిక చదివినవాళ్లు ఉత్తరాలు రాసేవారు. కొన్ని రచనల మీద అభిప్రాయాలు, కొన్ని సొంత ఇంటి గోడు. ఉత్తరానికి జవాబు చేరేలోపు ఇంట్లో ఏమైనా జరగొచ్చు. చదువు రాని స్త్రీ అసలు ఉత్తరమే రాయలేదు. 2006 మార్చిలో ‘భూమిక’ టోల్‌ఫ్రీ హెల్ప్‌లైన్ ప్రారంభించింది. ఫోను చేసిన స్త్రీ చెప్పింది వినడం, చట్టం ఏమంటుందో వివరించడం, పోలీసులు, న్యాయ సేవ, ఆశ్రయం ఎక్కడ దొరుకుతాయో చెప్పడం దాని పని. తర్వాత మహిళా పోలీస్ స్టేషన్లలోనూ ‘భూమిక’ కౌన్సెలర్లు కూర్చున్నారు. స్టేషన్ మెట్లెక్కిన ఆడమనిషికి మొదట ఎదురయ్యే మాట “సర్దుకుపోమ్మా” కాకూడదు. కౌన్సెలింగ్ అంటే రాజీ కుదర్చడమేనన్న అలవాటు ఇప్పటికీ పోలేదు. ఆ అలవాటు ప్రాణాలు తీస్తుంది.

2006 అక్టోబరు 26న గృహహింస చట్టం అమల్లోకి వచ్చింది. దాని విలువ తెలియాలంటే హైదరాబాద్ తూర్పు కొసకు రావాలి. దిల్‌సుఖ్‌నగర్, గడ్డిఅన్నారం, కొత్తపేట సందుల్లో మేడ తర్వాత మేడ లేడీస్ హాస్టళ్లే. కోచింగ్ కోసం వచ్చిన అమ్మాయిలతో పాటు, అత్తింటి నుంచి బయటపడి, పుట్టింటికి వెళ్లలేక ఒక మంచం అద్దెకు తీసుకున్నవాళ్లూ వాటిలో ఉంటారు. అక్కడికి దగ్గర్లోనే ఎల్బీనగర్‌లో రంగారెడ్డి జిల్లా కోర్టులు. హింస జరిగింది నల్గొండలోనైనా, బాధితురాలు తాత్కాలికంగా కొత్తపేటలో ఉంటే చాలు, ఇక్కడి మేజిస్ట్రేటును ఆశ్రయించవచ్చు. ఈ సంగతి తెలియక, కేసు కోసం మళ్లీ ఆ ఊరే వెళ్లాలన్న భయంతో ఆగిపోయేవాళ్లు ఎందరో.

ఈ చట్టం కింద రక్షణాధికారి నింపే గృహహింస నివేదిక ఫారం చూస్తే, జీవితాన్ని ఎంత దగ్గరగా చూసి చట్టం రాశారో అర్థమవుతుంది. కొట్టడం, నెట్టడం దగ్గర అది ఆగదు. కొడుకును కనలేదని దెప్పడం, కట్నం తేలేదని అవమానించడం, తిండికీ బట్టకూ మందులకూ డబ్బివ్వకపోవడం, ఉద్యోగం చేయనివ్వకపోవడం, జీతం లాక్కోవడం, అన్నీ విడివిడిగా రాసి ఉంటాయి. ఇన్నాళ్లూ “ఇంటి గొడవ” అనిపించుకున్నదానికి అక్కడ హింస అనే పేరుంది. దరఖాస్తు అందాక మేజిస్ట్రేటు మామూలుగా మూడు రోజుల్లో తొలి వాయిదా వేయాలి. ఆ వాయిదా నుంచి అరవై రోజుల్లో తేల్చేందుకు ప్రయత్నించాలి. ఆచరణలో ఆలస్యం మామూలైపోయింది. అయినా ఈ లోపు రక్షణ, నివాసం, ఖర్చులకు మధ్యంతర ఉత్తర్వులు అడిగే హక్కుంది. న్యాయ సేవల చట్టం ప్రకారం స్త్రీకి ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు.

సత్యవతి రచయిత్రులను వెంటబెట్టుకుని, గిరిజన స్త్రీలపై పోలీసుల అత్యాచార ఆరోపణలు వచ్చిన విశాఖ మన్యంలోని వాకపల్లి వంటి చోట్లకు వెళ్లి, అక్కడి స్త్రీలు చెప్పింది విన్నారు. తిరిగొచ్చి రాశారు, రాయించారు. వినకుండా రాయకూడదన్నది ఆమె పత్రికా వృత్తిలో కనిపించే నియమం.

భూమిక హెల్ప్‌లైన్ నంబరు 1800 425 2908. మహిళా హెల్ప్‌లైన్ 181. దిల్‌సుఖ్‌నగర్‌లో హాస్టళ్లు నడిపేవాళ్లు గేటు పక్కన, ఫీజుల బోర్డు కింద, ఈ రెండు నంబర్లూ పెద్ద అక్షరాలతో రాయించాలి.